ఇసుక ఉండలకి అర్థం చెప్పమంటే

ఒకప్పుడు ఇసుక పీతలకి దాక్కోవడమంటే ఏమిటో తెలీదు.

ఇప్పుడంటే మీ అడుగు చప్పుడు వినగానే బొరియల్లోకి దూరిపోతున్నాయి గానీ, ఆ రోజుల్లో అలా కాదు. సముద్రపు ఒడ్డుకి ఎవరొచ్చినా ఎదురెళ్ళేవి. కాళ్ళ చుట్టూ మూగేవి. "ఏ ఊరు బాబూ? తిన్నారా? పిల్లలు బావున్నారా?" అని అడిగేవి. అవతలివాళ్ళు జవాబు చెప్పేదాకా వదిలేవి కావు. అంత కలుపుగోలు జాతి అది.

అందరిలోకీ కలుపుగోలు మనిషి నూకాలు. మనిషంటే పీతే అనుకోండి. శనగగింజంత ఉండేది. దాని నోరు మాత్రం శనగగింజంత కాదు. ఆ ఒడ్డున ఆగిన ప్రతి పడవ కబురూ దానికి తెలియాల్సిందే.

నూకాలు రోజూ చేసే పని ఒక్కటే. పోటు తీసి సముద్రం వెనక్కి వెళ్ళగానే బయటికి వచ్చేది. తడి ఇసుకని డెక్కలతో తీసి నోట్లో పెట్టుకునేది. ఆ ఇసుకకి కెరటం అంటించి వెళ్ళిన నాచూ నలుసూ ఉంటాయి కదా, వాటిని చప్పరించేది. మిగిలిన ఇసుకని మిరియపు గింజంత ఉండ చేసి వెనక్కి పడేసేది. ఉండ ఎందుకంటే, తిన్న ఇసుకనే మళ్ళీ తినకుండా గుర్తు. బొరియ నుంచి తిన్నగా ఒక వరస తినేది, దాని పక్కన ఇంకో వరస, ఆ పక్కన మరోటి. మధ్యలో దారి మాత్రం ఖాళీగా వదిలేది. పోటు వస్తే ఇంటికి పరిగెత్తాలి మరి.

అంతా అయ్యేసరికి బొరియ చుట్టూ ఉండలు పొద్దుతిరుగుడు పువ్వులా పరుచుకునేవి. నూకాలు ఏనాడూ వెనక్కి తిరిగి వాటిని చూడలేదు. అన్నం తిన్నాక కంచంలో కరివేపాకు ఏ వైపు పడిందో మీరు చూస్తారా? ఇదీ అంతే.

పోటు వేళకి కెరటం వచ్చి ఆ ఉండలన్నిటినీ చదును చేసి పోయేది.

"నూకాలూ, తిన్నావేటే?" అని అడిగేది వస్తూనే.

"తిన్నానప్పా. నువ్వు కానీ!" అని అక్కకి చెప్పినట్టు చెప్పి నూకాలు ఇంట్లోకి వెళ్ళి పడుకునేది.

ఆ నెలలో మాత్రం నూకాలుకి ఒక పెద్ద పని పడింది. డిప్ప మార్చుకోవాలి. పీతలకి ఒళ్ళు పెరుగుతుంది గానీ డిప్ప పెరగదు. అందుకని పాతది విప్పేసి కొత్తది కట్టుకుంటాయి. కొత్త డిప్ప మొదట మెత్తగా ఉంటుంది. కడుపు నిండా తింటేనే అది గట్టిపడుతుంది. తినకపోతే మెత్తగానే ఉండిపోతుంది. మెత్తటి పీత కనపడితే ఒడ్డు మీద ఎవరికైనా నోరూరుతుంది.

డిప్ప విప్పే రోజు అమావాస్య. దానికింకా నాలుగు రోజులే ఉన్నాయి. పక్క బొరియలో ఉండే వదిన పైడమ్మ పొద్దస్తమానం చెబుతూనే ఉండేది.

"ఒలే నూకాలూ, కబుర్లు తగ్గించి తినే. అమాస కాడికి వచ్చీసింది. కడుపు కాలీగుంటే డిప్ప గట్టిపడదు. సచ్చిపోతావు."

"తింతన్నాను గదా వదినా," అనేది నూకాలు. నిజంగానే తింటోంది కూడా.

సరిగ్గా అప్పుడు ఆ ఒడ్డుకి ధవళరావుగారు వచ్చారు.

ధవళరావుగారు కొంగ. తెల్లగా, పొడుగ్గా, ఇస్త్రీ నలగకుండా ఉండేవారు. ఆయన నడుస్తుంటే బురద కూడా పక్కకి తప్పుకోవాలని ఆయన ఉద్దేశం. ఆ పూట ఆయన ఒక చేప మీదికి ముక్కు విసిరారు. చేప తప్పించుకుంది. ముక్కు వెళ్ళి ఇసుకలో దిగబడింది. ఒడ్డు మీది పిట్టలన్నీ చూస్తుండగా జరిగింది ఇది.

మామూలు కొంగైతే ముక్కు దులుపుకుని ఇంకో చేపని చూసుకునేది. ఈయన అలా కాదు. ముక్కు మెల్లగా పైకి లాక్కుని, ఒక కాలు పొట్టలోకి ముడిచి, మెడ ఓ పక్కకి వాల్చి, కళ్ళు సగం మూసి, ఎదురుగా ఏముంటే దాన్నే చూస్తూ నిలబడిపోయారు. ఎదురుగా ఉన్నవి నూకాలు ఉండలు.

తోక ఊపుకుంటూ తడి ఇసుక మీద పరుగులు తీసే ఉల్లంకి పిట్ట ఒకటి దగ్గరికి వచ్చింది.

"అయ్యగారూ, ఆ చేప..."

"చేపా? ఏ చేప?" అన్నారు ధవళరావుగారు. "నేను ఈ కృతిని పరిశీలించడానికి వంగాను."

"కృతా? ఎక్కడండీ?"

"కనిపించనివాళ్ళకి చూపించడం కష్టం," అని ఆయన నిట్టూర్చారు.

ఉల్లంకికి గుండె గుభేలుమంది. కనిపించనివాళ్ళలో తనని కలిపేస్తే ఇంకేమన్నా ఉందా! "కనిపిస్తోందండీ, ఎందుకు కనిపించదూ, ఊరికే అడిగాను" అని తనూ ఒక కాలు ముడిచింది. దాన్ని చూసి ఇంకో ఉల్లంకి ముడిచింది. ఆ రెంటినీ చూసి నాలుగు సముద్రపు కాకులు ముడిచాయి. కాసేపటికి నూకాలు ఇంటి చుట్టూ ఇరవై పిట్టలు ఒంటికాలి మీద నిలబడి ఉన్నాయి. ఏం చూస్తున్నారో ఎవరికీ తెలీదు. అడిగితే పరువు పోతుందని ఎవరూ అడగలేదు.

ఇంతమంది చేరాక ధవళరావుగారికి నోరు విప్పక తప్పలేదు.

"మధ్యన ఆ శూన్యాన్ని గమనించారా?" అన్నారు గొంతు సవరించుకుని. "దాని నుంచి నలుదిక్కులకీ పారిపోతున్న ఒంటరి బిందువులు! ఇది అస్తిత్వపు ఆక్రందన."

"ఆక్రందనే!" అంది ఉల్లంకి.

అప్పుడే నూకాలు పరుగున ఎదురొచ్చింది. ఇంటికి ఇంతమంది ఒకేసారి రావడం ఎప్పుడూ లేదు. దాని సంబరం అంతా ఇంతా కాదు.

"రండి బాబూ, రండి! ఏ ఊరు తవరిది? ఆ మద్దిన ఉన్నది మా ఇల్లండి. ఈ ఉండలంటారా? నాను తినీసి ఉమ్మీసినియండి."

పిట్టలన్నీ ఊపిరి బిగబట్టి ధవళరావుగారి వైపు చూశాయి. ఆయన సగం మూసిన కళ్ళని పూర్తిగా మూశారు.

"విన్నారా? తినేసి ఉమ్మేసిందట! ఎంత వినయం! జీవితాన్ని నమిలి, సారాన్ని గ్రహించి, మిగిలినదాన్ని లోకానికి అర్పించింది."

"కాదండి బాబూ, ఉత్త ఇసకేనండి..."

"ఉత్త ఇసక!" అని ఆయన మురిసిపోయారు. "ఒక్క మాటలో ఎంత చెప్పింది!"

నూకాలుకి ముక్క అర్థం కాలేదు. కానీ ఉన్నమాట చెప్పుకోవాలి, దానికి చాలా బాగుంది. పుట్టి బుద్ధెరిగాక దాని ఇంటి ముందు ఎవరూ అంతసేపు నిలబడలేదు. వచ్చేవాళ్ళు, పోయేవాళ్ళు, పొరపాటున తొక్కేవాళ్ళే గానీ "నువ్వు ఏం చేశావు" అని చూసినవాళ్ళు లేరు. ఆ పూట తిండి సగంలో ఆపేసి వాళ్ళ మాటలు వింటూ కూర్చుండిపోయింది.

మర్నాడు నూకాలు బయటికి వచ్చేసరికే పిట్టలు బారులు తీరి ఉన్నాయి. నూకాలు సిగ్గుపడుతూ ఇసుక తీసి, చప్పరించి, మొదటి ఉండ చేసి పడేసింది. ధవళరావుగారు మొహం చిట్లించారు.

"ఏటి బాబూ, బాగులేదేటి?"

"నిన్నటి ఉండలో బాధ ఉంది. ఇవాళ్టిది గుండ్రంగా ఉంది."

"ఉండ గుండ్రంగానే ఉంతాది గదండి."

"అదే లోపం. గుండ్రంగా ఎవరైనా చేస్తారు. నువ్వు ఎవరో ఒకరివి కావు కదా, నూకాలూ!"

ఎవరో ఒకరివి కావు! ఆ మాట నూకాలు మనసులోకి వెళ్ళి పీట వేసుకుని కూర్చుంది. ఇంక గుండ్రంగా చేయకూడదనుకుంది. కానీ చప్పరించిన ఇసుక ఎలా తిప్పినా గుండ్రంగానే వస్తోంది. అందుకని నోట్లో పెట్టుకోవడమే మానేసింది. డెక్కలతో ఇసుక తీసి కోలగా నొక్కింది. పొడుగ్గా సాగదీసింది. మూడు పలకలుగా చేసింది. ఒక్కో దానికీ చాలాసేపు పట్టింది. నోట్లోకి మాత్రం నలుసు పోలేదు.

పిట్టలకి పండగే పండగ. దాన్ని సముద్రం వైపు నుంచి చూడాలా, ఒడ్డు వైపు నుంచి చూడాలా అని రెండు సముద్రపు కాకులు జుట్టూ జుట్టూ పట్టుకున్నంత పని చేశాయి. పొడుగు ఉండ నొక్కుతున్నప్పుడు నూకాలు డెక్క జారి ఒక చోట గాటు పడింది. ఆ గాటు గురించే ధవళరావుగారు ఒక పూటంతా మాట్లాడారు.

"బాబూ, కాసింత తినొచ్చి మళ్ళీ సేత్తానండి," అంది నూకాలు ఒకసారి, ఇంక ఉండబట్టలేక.

ధవళరావుగారు ఉలిక్కిపడ్డారు. "తిండా? కళ ముందు తిండి మాటెత్తడం ఎంత మోటుతనం! నేను ఇక్కడ నిలబడ్డాక ఆకలన్నదే ఎరగను."

"మేమూ ఎరగం!" అన్నాయి పిట్టలన్నీ. అని, ఒక్కొక్కటే ఏదో పని ఉన్నట్టు సరుగుడు తోట వెనక్కి వెళ్ళి, కడుపారా పురుగులు తిని, మూతి తుడుచుకుని వచ్చి మళ్ళీ ఒంటికాలి మీద నిలబడ్డాయి. ధవళరావుగారు రెండుసార్లు వెళ్ళొచ్చారు. నూకాలు మాత్రం వాళ్ళ మాట నమ్మి కడుపు బిగించుకుంది.

పైడమ్మ చూసి చూసి మూడో రోజు వచ్చేసింది.

"ఒలే, నీ ఒళ్ళు సూసుకున్నావేటే? డెక్కలు పుల్లల్లాగయిపోనాయి. అమాస ఎల్లుండే. ఆ కొంగబాబు వచ్చి నీకు డిప్ప కడతాడేటి?"

"నీకు తెలీదులే వదినా," అంది నూకాలు. "ఇవన్నీ అర్దమవ్వాలంటే సూసే కళ్ళుండాల."

పైడమ్మ కళ్ళు ఆ ఒడ్డు మీద అందరి కళ్ళలాంటివే. వాటితోనే నూకాలుని చిన్నప్పటి నుంచీ చూసుకుంటోంది. తిన్నగా తన ఇంటి ముందుకి పోయి మళ్ళీ తింటూ కూర్చుంది.

నాలుగో రోజు నూకాలు పొద్దున్నుంచీ చేసిన ఉండలన్నిటినీ ఒకదాని మీద ఒకటి పేర్చి పెద్ద మెలికల గోపురం కట్టింది. అంత ఆకలిలోనూ కట్టింది. రేపు చుట్టుపక్కల రేవుల పిట్టలన్నిటినీ పిలిచి చూపిస్తానన్నారు ధవళరావుగారు. ఇంతలో పోటు వేళయింది.

"నూకాలూ, తిన్నావేటే?" అంటూ కెరటం వచ్చింది.

"అప్పా, అప్పా, ఆగు! ఈ ఒక్క పూటకీ ఆగు! దీన్ని సెరపకు, నీకు పున్నెముంతాది."

కెరటం నవ్వింది. "నాను సెరపడానికి వత్తన్నాననుకున్నావేటే పిల్లా? వడ్డించడానికి వత్తన్నాను. ఎంగిలి కంచం కడక్కుండా మళ్ళీ కూడెలా పెడతారే?"

అని గోపురం మీద నుంచి పోయింది. తిరిగి వెళ్ళేసరికి గోపురం లేదు. అద్దంలా చదునైన ఇసుక, దాని నిండా కొత్త తిండి ఉన్నాయి. నూకాలు ఆ తిండిని చూడనే లేదు. రేపు ధవళరావుగారికి మొహం ఎలా చూపించాలా అని ఏడ్చి, ఏడ్చి, నీరసంతో నిద్రపోయింది.

నిద్ర లేచేసరికి బాగా పొద్దెక్కింది. బయట గోలగోలగా ఉంది. నూకాలు బిక్కుబిక్కుమంటూ తల బయట పెట్టింది. నలభై పిట్టలు ఒంటికాలి మీద ఉన్నాయి. ముందు నిలబడిన ధవళరావుగారి కళ్ళు చెమర్చి ఉన్నాయి. అందరూ ఉత్త ఇసుక వైపు చూస్తున్నారు.

"ఇన్నాళ్ళకి!" అంటున్నారు ఆయన. "నూకాలు శిఖరానికి చేరుకుంది!"

"బాబూ, ఇక్కడ ఏటీ నేదండి," అంది నూకాలు.

"అవును. ఏమీ లేదు! అదీ సంగతి!"

"నానేటీ సెయ్యనేదండి. తొంగున్నాను."

"చేయకపోవడం! పైగా నిద్రపోవడం! ఏ కళాకారుడికుంది ఇంత ధైర్యం?"

"ధైర్యం! ధైర్యం!" అంది ఉల్లంకి. నలభై తలలూ ఊగాయి.

నూకాలుకి లోపల ఏదో కలుక్కుమంది. మొదట ఆకలే అనుకుంది. కాదు. మూడు రోజులు తిండి మాని చేసినదాన్ని చూసినప్పుడూ ఇవే కళ్ళు, ఇదే ఊపు. ఏమీ లేనిదాన్ని చూసినప్పుడూ ఇవే కళ్ళు, ఇదే ఊపు. అయితే వీళ్ళు తన ఉండల్ని ఒక్కసారైనా చూశారా? గోపురం కరిగిపోయిందన్న సంగతి ఈ నలభై మందిలో ఒక్కరికైనా తెలుసా? నూకాలుకి సిగ్గేసింది. వదినతో తను అన్న మాట గుర్తొచ్చి ఇంకా సిగ్గేసింది.

కానీ సిగ్గుపడటానికి కూడా టైము లేదు. ఆ రోజే అమావాస్య. వీపు మీద డిప్ప టప్పున చిట్లింది.

ఆగమంటే ఆగేది కాదది. నూకాలు బొరియ గుమ్మంలోనే పాత డిప్పలోంచి మెలికలు తిరుగుతూ బయటికి వచ్చింది. పాత డిప్ప దొర్లుకుంటూ పోయి కాస్త అవతల పడింది. నూకాలు ఒళ్ళు చూసుకుంది. అన్నం మెతుకులా మెత్తగా ఉంది. ఇప్పుడు తినాలి. ఇప్పుడే, ఈ క్షణమే తినాలి. ఎదురుగా ఇసుక నిండా తిండి ఉంది. తిండి మీద పిట్టలు నిలబడి ఉన్నాయి.

పిట్టలేమో అప్పటికే పాత డిప్ప చుట్టూ చేరిపోయాయి.

"తన బొమ్మని తనే గీసుకుంది!" అంటున్నారు ధవళరావుగారు. "ఆ నిండుదనం చూడండి! ఆ జీవం చూడండి!"

"బాబూ, అది కాలీ డిప్పండి," అంది నూకాలు వాళ్ళ కాళ్ళ మధ్య నుంచి. "నూకాలంటే నానండి. కాసింత జరగండి, నాను తినాల."

ఉల్లంకి విసుక్కుంది. "ఎవరమ్మా నువ్వు అడ్డం? నూకాలు కనపడటం లేదు. పక్కకి తప్పుకో!"

ధవళరావుగారు కిందికి చూశారు. ఇన్ని రోజుల్లో మొదటిసారి ఆయన కళ్ళు పూర్తిగా తెరుచుకున్నాయి. మొదటిసారి నూకాలుని నిజంగా చూశారు.

"ఆహా," అన్నారు. "ఎంత మెత్తన!"

ఈసారి ఆయన మాటలో ఏ కల్లా కపటం లేదు. గుటక వేశారు. ముడిచిన కాలు మెల్లమెల్లగా కిందికి దిగింది. నూకాలు వెనక్కి తిరిగి ఇంటి వైపు పరుగు తీసింది. బొరియ జానెడు దూరంలోనే ఉంది. మూడు రోజులు తినని పీతకి జానెడంటే తక్కువేం కాదు. ముక్కు పైకి లేచింది.

"అయ్యగారూ!" అని అరిచింది ఉల్లంకి, కళ్ళింత చేసుకుని. "కాలు దించారేమండీ? కొంపదీసి భోజనమా?"

నలభై తలలూ ఇటు తిరిగాయి. ధవళరావుగారి ముక్కు గాల్లోనే ఆగిపోయింది. కళ ముందు తిండి మాటెత్తడం మోటుతనమని చెప్పింది మరి ఆయనే.

"భోజనమా! ఛ, ఛ! ఏమిటా మాటలు! దగ్గరగా పరిశీలిస్తున్నాను," అని ఆయన కాలు మళ్ళీ పొట్టలోకి ముడుచుకున్నారు. ఆయన ముడుచుకునేలోగా నూకాలు బొరియలో పడింది.

ఆయన గొప్పల వల్ల ఆ ఒడ్డున ఎవరికైనా మేలు జరిగిందంటే ఇదొక్కటే.

బొరియలో పడ్డ నూకాలు మూలకి ఒదిగిపోయింది. బయటికి వెళ్తే ముక్కు. లోపలే ఉంటే ఆకలి. డిప్ప ఇంకా మెత్తగానే ఉంది. అప్పుడు పక్క గోడ కదిలింది. ఇసుక రాలింది. కన్నం పడింది. ఆ కన్నంలోంచి తడి ఇసుక పట్టుకున్న డెక్క ఒకటి లోపలికి వచ్చింది.

"నోరు తెరు," అంది పైడమ్మ.

"వదినా, ఆయేల నాను అన్న మాట..."

"మాటలు తరవాత. ముందు తిను."

పైడమ్మ తన గుమ్మం ముందున్న ఇసుకంతా ఒక్కో డెక్కెడు మోసుకొచ్చింది. నూకాలు తింటూ ఏడ్చింది, ఏడుస్తూ తింది. పొద్దు వాలేదాకా పైడమ్మ తిరుగుతూనే ఉంది. పోటు వచ్చి పోయేసరికి నూకాలు డిప్ప రాయిలా గట్టిపడింది. పైడమ్మ దాని మీద డెక్కతో రెండుసార్లు కొట్టి చూసి, "ఊఁ," అని వెళ్ళి పడుకుంది.

మర్నాడు ఆటు వేళకి నూకాలు బయటికి వచ్చింది. ఇసుక తీసింది. చప్పరించింది. చక్కగా గుండ్రంగా ఉండ చేసి, చూడకుండా వెనక్కి పడేసింది. ఎంత హాయిగా ఉందో! రెండో ఉండ చేస్తుంటే మీద ఒక పొడుగాటి నీడ పడింది.

"నూకాలూ! మళ్ళీ గుండ్రదనానికి తిరిగి వచ్చావా! ఇందులోని అర్థం ఏమిటో..."

అర్థం అన్న మాట పూర్తయిందో లేదో, నూకాలు బొరియలో ఉంది.

ధవళరావుగారు పక్కింటికి నడిచారు. "పోనీ నువ్వు చెప్పమ్మా, ఈ ఉండల అర్థం..." పైడమ్మ బొరియలో ఉంది. ఆ పక్కింటికి వెళ్ళారు, దాని పక్కింటికీ వెళ్ళారు. కబురు ఆయన కంటే ముందే పరిగెత్తింది. ఆయన కాలు ఎత్తితే చాలు, ఎదురుగా ఉన్న పీతలన్నీ మాయం. ఒడ్డు ఈ చివర నుంచి ఆ చివరి దాకా తిరిగినా ఆయన్ని పలకరించే దిక్కు లేకపోయింది. చివరికి "ఎంత గొప్ప మౌనం!" అన్నారు గానీ, అప్పటికి వినడానికి ఉల్లంకి కూడా లేదు. అందరూ సరుగుడు తోట వెనక భోజనాల్లో ఉన్నారు.

అప్పటినుంచే ఒడ్డు మీద ఎవరి నీడ పడినా ఇసుక పీతలు గబుక్కున బొరియల్లోకి దూకేస్తాయి. అవి మిమ్మల్ని చూసి భయపడి పారిపోతున్నాయని అనుకోకండి. అర్థం అడుగుతారేమోనని పారిపోతున్నాయి. ఈసారి వెళ్ళినప్పుడు ఏమీ అడక్కుండా, ఏమీ అనకుండా, కాస్త దూరంగా రెండు కాళ్ళూ చాపుకుని కూర్చోండి. కాసేపటికి ఒక్కొక్కటే బయటికి వస్తాయి. వచ్చి తింటాయి. ఆకలేస్తుంది కాబట్టి తింటాయి.